చెరువులో చేపకు మళ్ళీ మళ్ళీ జబ్బెందుకు?

ప్రశ్న: మాది ఏలూరు జిల్లా కైకలూరు దగ్గర ఊరు. పదెకరాల చెరువు లీజుకు తీసుకుని శీలావతి, బొచ్చె చేపలు వేశాను. నవంబరులో వాయుగుండం పట్టి నాలుగు రోజులు మబ్బు, వాన. వారం తిరక్కుండానే వ్యాపారి వచ్చాడని పెద్ద చేప కొంత పట్టించి, ఆ ఖాళీకి వేరే చోటి నుంచి చేపపిల్ల తెచ్చి వేశాను. పది రోజులకల్లా ఒంటిమీద ఎర్రమచ్చలు, పేను, రోజూ కొన్ని చచ్చి తేలడం. షాపులో చెప్పిన యాంటీబయోటిక్ మేతలో కలిపి పెట్టాను, పేనుకు మందు కొట్టాను. కొన్నాళ్ళు తగ్గి మళ్ళీ మొదలైంది. షాపాయన మందు మార్చమంటున్నాడు. మా బావమరిది సున్నం దండిగా వేయమంటున్నాడు. ఏ మందు వాడాలో చెప్పండి. సంక్రాంతికి మిగతా చేప పట్టించాలని ఉంది.

జవాబు: మీ ఉత్తరం చదవగానే నా కన్ను తేదీల మీద పడిందండీ. నాలుగు రోజుల మబ్బు, ఆ వారంలోనే పట్టుబడి, వెంటనే కొత్త పిల్ల, తర్వాత పది రోజులకు ఎర్రమచ్చలు. చెరువులో బాక్టీరియా జబ్బులు చాలావరకు ఇలాగే వస్తాయి. దెబ్బ ఒకరోజు తగులుతుంది, చావులు వారం నుంచి రెండు వారాల తర్వాత మొదలవుతాయి. మధ్యలో చెరువు బాగానే ఉన్నట్టు కనపడుతుంది. అందుకే చేప తేలిన రోజున రైతు ఆ ముందు రోజు ఏం జరిగిందా అని వెతుక్కుంటాడు, ఏమీ దొరకదు, షాపుకు పరిగెడతాడు. వెనక్కి పదిహేను రోజుల దాకా వెళ్ళి చూడాలి.

మీరు మందు పేరు అడిగారు. దానికి ముందు ఒకటి ఒప్పుకోవాలి. ఎర్రమచ్చలు తెచ్చే ఎరోమోనాస్ లాంటి బాక్టీరియా మీ చెరువులో కొత్తగా దిగలేదు. నీళ్ళలో, అడుగు బురదలో, ఆరోగ్యంగా ఉన్న చేప పేగుల్లో కూడా అది ఎప్పుడూ ఉంటుంది. 1974లో స్నీజ్కో అనే చేపల వ్యాధి శాస్త్రవేత్త ఈ సంగతినే మూడు వృత్తాలు గీసి చెప్పాడు: చేప ఒకటి, క్రిమి ఒకటి, పరిసరం ఒకటి. మూడూ ఒకదానిమీద ఒకటి పడినచోటే జబ్బు. మన దగ్గర ఖర్చంతా క్రిమి వృత్తం మీదే పెడుతున్నాం. చెరువులోంచి క్రిమిని పూర్తిగా తీసేయడం ఎవరివల్లా కాదు. చేతిలో ఉన్నది పరిసరం, అంటే నీళ్ళు.

నీళ్ళు చెడితే చేప లోపల ఏం జరుగుతుందో కొంచెం వివరంగా చెబుతాను, ఎందుకంటే తర్వాత చేయబోయే పనులన్నీ దీనిమీదే ఆధారపడి ఉన్నాయి. మంచినీటి చేప ఒంట్లో ఉప్పు చుట్టూ ఉన్న నీళ్ళలోకన్నా ఎక్కువ. కాబట్టి రేయింబవళ్ళు మొప్పల్లోంచి నీరు లోపలికి వస్తూ ఉంటుంది, ఉప్పు బయటికి పోతూ ఉంటుంది. వచ్చిన నీటిని మూత్రపిండాలు బయటికి తోడతాయి. పోయిన ఉప్పును మొప్పల్లోని కొన్ని కణాలు నీళ్ళలోంచి తిరిగి పట్టుకొస్తాయి. దీనికి రోజంతా శక్తి ఖర్చవుతుంది. ఆక్సిజన్ తగ్గినప్పుడో, వలలో చిక్కినప్పుడో చేప ఒంట్లో అడ్రినలిన్ పెరుగుతుంది. మొప్పలకు రక్తం ఎక్కువగా పారుతుంది. ఆక్సిజన్ ఎక్కువ అందుతుంది గానీ అదే దారిలో ఉప్పు కూడా ఎక్కువ పోతుంది. ఆ వెనకే కార్టిసాల్ అనే హార్మోన్ వస్తుంది. గంటా రెండు గంటల కష్టానికి అది మేలే చేస్తుంది, ఒంట్లోని నిల్వలను కరిగించి చక్కెరగా అందిస్తుంది. కానీ రోజుల తరబడి నిలిచిపోతే క్రిములతో పోరాడే తెల్లరక్తకణాలు తగ్గిపోతాయి, గాయం మానదు, మేత మీద మనసు పోదు. మనిషికి టెన్షన్ పట్టుకుంటే అన్నం సయించదు, చిన్న జలుబూ ఓ పట్టాన వదలదు. చేపది కూడా దాదాపు అదే కథ. పైగా చేపకు చర్మం మీది జిగురు పొరే మొదటి కవచం. వలలో రాసుకుని పొలుసు ఊడి, ఆ జిగురు పోయిన చోట ఎరోమోనాస్ దిగుతుంది.

ఇప్పుడు మీ నవంబరు సంగతి. పగలు ఎండలో నీటిలోని నాచు ఆక్సిజన్ తయారు చేస్తుంది. రాత్రి అదే నాచు, చేప, అడుగు బురదలోని బాక్టీరియా అన్నీ కలిసి దాన్ని వాడేస్తాయి. అందుకే తెల్లవారుజామున, పొద్దు పొడవకముందు ఆక్సిజన్ అన్నిటికన్నా తక్కువ. మబ్బు పట్టిన రోజున తయారీ తగ్గుతుంది, వాడకం మాత్రం ఆగదు. నాలుగు రోజులు వరసగా మబ్బంటే రోజురోజుకూ అప్పు పెరుగుతూ పోయినట్టే. పైన చల్లని వాన పడితే పై నీరు బరువెక్కి కిందికి దిగుతుంది, అడుగున ఆక్సిజన్ లేని నీరు పైకి కలుస్తుంది. మీ చేప ఆ రోజుల్లో తెల్లవారగట్ల పైకొచ్చి నోళ్ళు తెరిచిందా లేదా మీరు రాయలేదు. రాకపోయినా సరే. మీ శీలావతి, బొచ్చె లాంటి కార్పు జాతి చేపకు లీటరు నీటికి 5 మిల్లీగ్రాముల పైన ఆక్సిజన్ ఉండాలి. 3కు దిగితే ఒత్తిడిలో పడినట్టే. పైకి తేలి గుటకలు వేసేది ఇంకా కిందికి దిగాక. 3 దగ్గర చేప ఏమీ చెప్పదు, మేత తగ్గిస్తుంది అంతే.

ఆ రోజుల్లో తవుడు సంచులు ఎలా ఉన్నాయో గుర్తు చేసుకోండి. మన కొల్లేరు వైపు చిల్లులు పెట్టిన సంచుల్లో తవుడు, నూనెగింజల చెక్క పోసి కర్రలకు కడతాం కదా. రోజూ రెండు గంటల్లో ఖాళీ అయ్యే సంచి మధ్యాహ్నానికి కూడా బరువుగా ఉందంటే అది జబ్బుకు వారం ముందే వచ్చిన కబురు. మీటరు లేనివాడికి కూడా ఉన్న పరికరం ఆ సంచి. పడవ మీద వెళ్ళి మేత కట్టే మనిషిని రోజూ అడగండి, ఏ వరసలో ఎంత మిగిలిందని. వాళ్ళకు తెలుస్తుంది, ఎవరూ అడగరు కాబట్టి చెప్పరు.

అలా నీరసపడి ఉన్న చేప మీదికి వల దించారు. పట్టుబడిలో చేప ఒకదాని మీద ఒకటి పడుతుంది, అడుగు బురద లేస్తుంది. ఆ నల్ల బురదలో కుళ్ళిన గుడ్డు వాసన వేసేది హైడ్రోజన్ సల్ఫైడ్ అనే వాయువు, అది కొంచెం లేచినా మొప్పలకు విషమే. మార్కెట్టుకు వెళ్ళిన చేపకు బాధ లేదు, దాని లెక్క ముగిసింది. సైజు చాలక వెనక్కి వదిలిన చేపే పొలుసు ఊడి, జిగురు పోయి చెరువులో మిగిలింది. దాని పక్కకే లారీలో ఊగుతూ వచ్చిన పిల్లను దించారు. ఆ పిల్లతో పాటు పేనూ వచ్చి ఉండొచ్చు. మబ్బు, వల, కొత్త పిల్ల: వారం పది రోజుల్లోనే మూడు దెబ్బలు. ఏ ఒక్కటైనా అయితే చేప తట్టుకునేదేమో.

చలికాలం కావడం కూడా మీకు ఎదురైంది. చేప ఒంటి వేడి నీటి వేడితో పాటే ఉంటుంది. నీరు చల్లబడ్డ కొద్దీ దాని రోగనిరోధక శక్తి నెమ్మదిస్తుంది. 1988లో మన దేశంలోకి వచ్చిన పుండ్ల జబ్బు కూడా వానలు వెలిసి నీళ్ళు చల్లబడే నెలల్లోనే విజృంభిస్తుంది. కొర్రమీను దానికి బాగా లోనవుతుంది. దానికి అసలు కారణం అఫానోమైసిస్ అనే బూజులాంటి జీవి, చర్మం ఎక్కడైనా దెబ్బతింటే అక్కడి నుంచి లోపలికి దిగుతుంది. మీ చేపకు ఉన్నవి పైపై ఎర్రమచ్చలా, కండ దాకా తినేసిన గుంట పుండ్లా అన్నది చూసి తేల్చుకోవాలి. రెండోదైతే యాంటీబయోటిక్ దాని జోలికే పోదు.

ఇక మందుల గురించి. మేతలో కలిపిన యాంటీబయోటిక్ ఎవరు తిన్నారో ఆలోచించండి. జబ్బు చేసిన చేప ముందు మానేసేది మేతే. సంచి దగ్గరికి వచ్చి తిన్నది బాగున్న చేప. తవుడులో కలిపినది నీళ్ళలో కొంత కరిగి కూడా పోయింది. మొదట కొన్ని రోజులు చావులు తగ్గాయన్నారు. బలహీనమైనవి చనిపోవడం అయిపోయి, మబ్బు విడి ఎండ కాసి నీళ్ళు కొంచెం కోలుకున్నా అలాగే తగ్గినట్టు కనపడుతుంది. మందు పనిచేసిందో, ఎండ పనిచేసిందో అప్పుడు తెలియదు. ఇంకో మందుకు మారితే అదే ఆట మళ్ళీ మొదలు, పైగా మందుకు లొంగని బాక్టీరియా మీ చెరువులోనే తయారవుతుంది. క్లోరాంఫెనికాల్, నైట్రోఫ్యూరాన్ల జోలికి మాత్రం ఎవరు చెప్పినా వెళ్ళకండి. అవి ఆక్వాలో నిషేధించినవి.

పేను మందు కథ ఇంకా చిత్రం. ఒక చేపను గట్టుమీదికి తీసి పొడి చేత్తో కాకుండా తడి చేత్తో పట్టుకుని చూడండి. రెక్కల మొదట్లో, కడుపు కింద పల్చగా, గుండ్రంగా, పొలుసులో పొలుసులా అంటుకుని ఉంటుంది. గోటితో కదిపితే జారి పక్కకు పాకుతుంది. ముందువైపు రెండు పీల్చే గిన్నెల్లాంటివి ఉంటాయి, వాటితో పట్టుకుంటుంది. గుచ్చిన ప్రతి చోటా ఎర్రచుక్క, ఆ చుక్క మీదే బాక్టీరియా పుండు. పేను మందు ఆ పెద్ద పేనును చంపుతుంది గానీ గుడ్లను చంపదు. పేను గుడ్లు చేప మీద పెట్టదు. నీళ్ళలో మునిగిన కర్రలకు, రాళ్ళకు వరసగా అంటిస్తుంది. నీటి వేడిని బట్టి రెండు మూడు వారాలకో, బాగా చల్లగా ఉంటే ఇంకా ఆలస్యంగానో అవి పగులుతాయి. మీకు కొన్నాళ్ళు తగ్గి మళ్ళీ మొదలైందంటే నాకు ఆశ్చర్యం లేదు.

ఆ మందుకు ఇంకో ఖర్చు ఉంది, బిల్లులో కనపడదు. చేప పేను రొయ్య జాతి జీవి. దాన్ని చంపే మందు నీటిలోని చిన్న చిన్న జంతు ప్లవకాలను, అంటే నీళ్ళలో తేలే సూక్ష్మ జీవాలను కూడా చంపుతుంది, వాటిలో చాలావి అదే కుటుంబం. బొచ్చెకు ప్రధాన ఆహారం అవే. నాచును తిని అదుపులో పెట్టేదీ అవే. అవి పోతే నాచు దట్టమవుతుంది, రాత్రి ఆక్సిజన్ ఇంకా తగ్గుతుంది, చేప ఇంకా నీరసపడుతుంది, పేను ఇంకా పడుతుంది. మీ నీళ్ళు ఇప్పుడు చిక్కటి ఆకుపచ్చగా మారాయా? మోచేతి దాకా చెయ్యి ముంచి అరచెయ్యి చూసుకోండి. అరచెయ్యి మసకగా కనపడితే పరవాలేదు. మణికట్టు దగ్గరే మాయమైతే నాచు ఎక్కువైనట్టు.

పేనుకు మందు లేకుండా చేయగలిగింది ఒకటుంది, పాత పద్ధతే. గట్టు పొడవునా అక్కడక్కడా వెదురు కర్రలో, గరుకు చెక్క పలకలో నీళ్ళలో నిలబెట్టండి. పేను వచ్చి గుడ్లు పెట్టుకుంటుంది. వారానికోసారి తీసి ఎండలో బాగా ఎండబెట్టి మళ్ళీ పెట్టండి. పదెకరాలకు నాలుగు కర్రలు చాలవు, బాగానే పెట్టాలి. మేత సంచుల కర్రల మీద కూడా గుడ్లు ఉంటాయి, అవి మర్చిపోకండి. మందు తప్పదనుకుంటే నిపుణుడు రాసిన మోతాదులోనే, గుడ్లు పగిలే లెక్క చూసి రెండోసారి వేయాలి. మబ్బు రోజున అసలు వద్దు.

మోతాదు అన్నాను కాబట్టి ఒక లెక్క. ఒక ఎకరం, ఒక మీటరు లోతు నీటికి 1 పీపీఎం (లీటరు నీటికి ఒక మిల్లీగ్రాము మందు) అంటే సుమారు 4 కిలోలు. మీ పదెకరాల్లో మీటరున్నర లోతు ఉంటే 1 పీపీఎంకు 60 కిలోలు. "ఎకరానికి ఇంత" అని లోతు అడక్కుండా ఎవరైనా చెబితే ఆ లెక్క సగం లెక్కే.

మీ బావమరిది గారి సున్నం దగ్గరికి వద్దాం. సున్నం చెడ్డది కాదు గానీ ఇప్పుడు, చేప ఉన్న చెరువులో, పరీక్ష లేకుండా దండిగా వేస్తే ప్రాణం తీస్తుంది. చేప తిన్న చెక్కలోని మాంసకృత్తుల వల్ల అమ్మోనియా వస్తుంది, ఎక్కువ భాగం మొప్పల్లోంచే నీళ్ళలోకి పోతుంది. చచ్చిన నాచు, మిగిలిన మేత కూడా కుళ్ళి అదే ఇస్తాయి. అమ్మోనియా నీళ్ళలో రెండు రూపాల్లో ఉంటుంది, ఒకటి అంతగా హాని చేయదు, రెండోది విషం. ఏది ఎంత అన్నది పీహెచ్, అంటే నీటి ఆమ్ల, క్షార గుణాల కొలత తేలుస్తుంది. 25 డిగ్రీల నీటిలో పీహెచ్ 7 ఉంటే మొత్తం అమ్మోనియాలో విషరూపం ఒక శాతం కూడా ఉండదు. పీహెచ్ 8 అయితే సుమారు 5 శాతం. 9 అయితే మూడో వంతు పైనే. నీటి పరీక్ష కిట్టులో 1 పీపీఎం అమ్మోనియా చూపిందనుకోండి. పీహెచ్ 7 దగ్గర భయం లేదు, 9 దగ్గర మొప్పలు కాలిపోతాయి. నాచు ఎక్కువున్న చెరువులో ఎండ కాసిన మధ్యాహ్నం పీహెచ్ 9 దాటడం మామూలే. దానిమీద కాల్చిన సున్నం వేస్తే ఏమవుతుందో ఇక చెప్పక్కర్లేదు. అందుకే ఆక్సిజన్ తెల్లవారుజామున చూడాలి, పీహెచ్, అమ్మోనియా మధ్యాహ్నం మూడింటి ప్రాంతంలో చూడాలి. పొద్దున పదింటికి తీసిన శాంపిల్‌లో రెండు ప్రమాదాలూ దాక్కుంటాయి. షాపుల్లో ఉచితంగా చేసే పరీక్షలు సరిగ్గా ఆ వేళకే జరుగుతాయి మరి.

ఈ వారం చేయాల్సింది ఇది. మేత సగానికి తగ్గించండి, మబ్బు పడితే ఆ రోజు పూర్తిగా ఆపండి. ఒకరోజు పస్తుతో చేప చావదు, కుళ్ళిన మేతతో చస్తుంది. ఏరేటర్లు (నీళ్ళను చిలికి గాలి కలిపే యంత్రాలు) ఉంటే రాత్రి పది నుంచి ఎండెక్కేదాకా తిప్పండి, కరెంటు పోతే జనరేటర్ సిద్ధంగా ఉండాలి. లేకపోతే ఇంజను పెట్టి చెరువు నీళ్ళనే తోడి ఎత్తు నుంచి తిరిగి చెరువులోకే చిమ్మండి. ఒక మూల ఆక్సిజన్ ఉన్న చోటు దొరికినా చేప అక్కడ చేరి బతుకుతుంది. చచ్చిన చేపను పొద్దున్నే ఏరి దూరంగా గొయ్యి తీసి సున్నం చల్లి పాతిపెట్టండి, గట్టుమీద పడేస్తే కాకులు, కుక్కలు పక్క చెరువుకు చేరుస్తాయి. పరీక్షలో నైట్రైట్ (అమ్మోనియా మారగా ఏర్పడే విషపదార్థం) ఎక్కువగా చూపించి మొప్పలు గోధుమరంగుకు తిరిగి ఉంటే కల్లుప్పు పనికొస్తుంది, ఉప్పులోని క్లోరైడ్ నైట్రైట్‌ను మొప్పల దగ్గరే అడ్డుకుంటుంది. ఎంత వేయాలో పరీక్ష అంకె చూశాకే.

నీళ్ళు మార్చమని అందరూ చెబుతారు. మార్చండి, కానీ ఒకసారి కాలవ వెంట పైకి నడిచి వెళ్ళి చూసొచ్చాక. మన ప్రాంతంలో ఒకరు వదిలిన నీరే ఇంకొకరి తూములోకి వెళుతుంది. పై చెరువులో అప్పుడే పట్టుబడి అయితే ఆ బురద, ఆ పేను, ఆ జబ్బు మీరు డీజిల్ పోసి మరీ లోపలికి తెచ్చుకున్నట్టు. కాలవ బాగుంటే అడుగు నీరు కొంచెం వదిలి కొంచెం కొంచెంగా పెట్టుకోండి. ఒక్కసారిగా సగం చెరువు మార్చడం కూడా చేపకు ఇంకో దెబ్బే.

పరీక్షకు చేప తీసుకెళ్ళేటప్పుడు చచ్చి ఉబ్బినది వద్దు. దానిలో దొరికే బాక్టీరియాలో చాలా చచ్చాక చేరినవే. గట్టు వారగా నీరసంగా తిరుగుతున్న బతికున్న చేపను మూడు నాలుగు, అదే చెరువు నీళ్ళతో సంచిలో పట్టుకెళ్ళండి. పశ్చిమ గోదావరి జిల్లా ఉండిలోని మత్స్య పరిశోధన కేంద్రం మీకు మరీ దూరం కాదు. మీ మండలంలో మత్స్యశాఖ అధికారి ఉంటారు. పేను మాత్రమేనా, బాక్టీరియా కూడానా, ఏ మందుకు లొంగుతుంది అన్నది అక్కడ తేలాక యాంటీబయోటిక్ అవసరమైతే వాళ్ళే రాస్తారు, అప్పుడు వాడండి.

సంక్రాంతి పట్టుబడి గురించి నా అభిప్రాయం: కొంత పట్టి కొంత వదిలే పని ఈ చలికాలం మళ్ళీ పెట్టుకోకండి. చావులు పూర్తిగా ఆగి, సంచులు మామూలు వేళకు ఖాళీ అవుతూ రెండు వారాలు గడిస్తేనే వల మాట. సైజు వచ్చి ఉంటే చెరువు మొత్తం ఖాళీ చేయడం మేలు. అయితే మీరు వాడిన యాంటీబయోటిక్, పేను మందు డబ్బాల మీద ఎన్ని రోజులు ఆగి అమ్మాలో రాసి ఉంటుంది, ఆ గడువు దాటాకే. పట్టే ముందు రోజు మేత ఆపండి. చెరువు ఖాళీ అయ్యాక అడుగు పగుళ్ళు పట్టేదాకా ఎండనిచ్చి, నల్ల బురద తీయించి, అప్పుడు మీ బావమరిది గారు చెప్పిన సున్నం దండిగా చల్లించండి. ఆయన మాట అక్కడ సరిగ్గా సరిపోతుంది. తర్వాత తెచ్చే పిల్లను సంచితో సహా చెరువు నీళ్ళలో తేల్చి, వేడి సమానమయ్యాక కొంచెం కొంచెంగా చెరువు నీళ్ళు కలిపి వదలండి. దించే ముందే నాలుగు పిల్లల్ని తెల్లటి గిన్నెలో వేసి పేను ఉందేమో చూసుకోండి.

ఈలోగా వరసగా ఐదు రోజులు తెల్లవారుజామున ఐదింటికి ఆక్సిజన్, మధ్యాహ్నం మూడింటికి పీహెచ్, అమ్మోనియా, రోజూ ఎన్ని చచ్చాయి, ఎన్ని సంచులు మిగిలాయి రాసి పంపండి. నీటి లోతు, ఎకరానికి ఎన్ని చేపలు ఉన్నాయన్నది కూడా మీ ఉత్తరంలో లేదు, అదీ రాయండి. నాకు అనుమానం, పట్టుబడి తర్వాత వేసిన పిల్లతో లెక్క మీరనుకున్నదానికన్నా ఎక్కువైంది.